నేల మీద గెలిచినవాడు

పోయిన నెల మా జూడో సార్ ఇంటికి వెళ్లినప్పుడు ఆయన అలమర పై అరలోంచి ఒక వీడియో క్యాసెట్ తీసి నా చేతిలో పెట్టారు. దాని వీపు మీద నీలిసిరాతో ‘యమషిత - 84’ అని ఆయనే రాసుకున్న అక్షరాలు ఇంకా చెరిగిపోలేదు. 1988లో ఒక ఆదివారం పొద్దున ప్రాక్టీసు ముగిశాక, మేం ఏడుగురం కుర్రాళ్లం నారాయణగూడలో ఆయన అద్దెకుండే ఇంటి ముందుగదిలో చాప పరుచుకుని చూసిన క్యాసెట్ అది. ఆ తరువాత ఎన్ని ఆదివారాలు చూశామో లెక్కలేదు. కోఠీలో పాత క్యాసెట్లను పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కించే ఒకాయన దగ్గరికి దాన్ని తీసుకెళ్తే, ఆయన మూత తెరిచి, టేపు అంచున తెల్లగా పట్టిన బూజును గోటితో చూపించి, “మొత్తం వస్తదని చెప్పలేను సార్, శుభ్రం చేసి చూస్తా” అన్నాడు. నాలుగు రోజుల తరువాత పదిహేడు నిమిషాల బొమ్మ నా చేతికి వచ్చింది. అక్కడక్కడా అడ్డగీతలు ఉన్నాయి, మాట వినిపించదు, రంగులు వెలిసిపోయాయి. అయినా చూడవలసినదంతా అందులో ఉంది.

మా అమ్మాయికి పదమూడేళ్లు. వారానికి మూడు సాయంత్రాలు జూడో నేర్చుకుంటుంది. ఆ రాత్రి నా పక్కన కూర్చుని చూస్తూ, తెరమీద తెల్ల డ్రెస్సులో ఒక భారీ మనిషి మ్యాట్ మీదికి నడిచి రావడం కనబడగానే, “నాన్నా, ఆయన కుంటుతున్నాడెందుకు?” అని అడిగింది. ఆ ప్రశ్నకు జవాబు చెప్పడానికి నాకు గంటకు పైగా పట్టింది, ఎందుకంటే 1984 ఒలింపిక్స్‌లో ఆడుతున్న ఆ జపాన్ జూడో వీరుడు యమషిత గురించి చెప్పాలంటే ఆ ఒక్క రోజు చాలదు. అప్పుడు దానికి చెప్పినదాన్నీ, చెప్పడం మరచిపోయినదాన్నీ ఇక్కడ వరుసగా రాసుకుంటున్నాను.

యసుహిరో యమషిత 1957 జూన్ 1న జపాన్ దక్షిణాన ఉన్న క్యూషూ దీవిలో, కుమామోతో ప్రాంతపు కొండ ఊళ్లలో ఒకదానిలో పుట్టాడు. చిన్నప్పటినుంచీ వయసుకు మించిన ఒడ్డూ పొడుగూ ఉండేవాడు, దానికి తోడు అల్లరి; ఇతనికి భయపడి తోటి పిల్లలు బడికి రావడం మానేసేంత అల్లరి. అంత బలాన్ని ఏదో ఒక పద్ధతిలో పెట్టకపోతే పిల్లవాడు చెడిపోతాడని ఇంట్లోవాళ్లు ప్రాథమిక పాఠశాల రోజుల్లోనే జూడోలో చేర్చారు. కుమామోతో ఇందుకు తగిన నేల. యుద్ధానికి ముందూ తరువాతా జపాన్‌ను ఏలిన జూడో వీరుడు మసహికో కిమురా కూడా ఆ ప్రాంతంవాడే. మాధ్యమిక పాఠశాలలో ఉండగా యమషిత తన భవిష్యత్తు గురించి ఒక వ్యాసం రాస్తూ, ఒలింపిక్స్‌కు వెళ్లాలనీ, తమ జెండా పైకి లేస్తుండగా తమ జాతీయగీతం వినాలనీ రాశాడు. అలాంటి వ్యాసాలు ప్రతి బడిలోనూ పిల్లలు రాస్తారు. ఆ కుర్రవాడికి మాత్రం ఆ కోరిక తీరడానికి పదేళ్లకు పైగా పట్టింది, మధ్యలో అది పూర్తిగా చేజారిపోయిన ఒక ఏడాది కూడా ఉంది.

హైస్కూలు మధ్యలో అతను సొంత ఊరు వదిలి, తోక్యోకు దగ్గరలోని తోకాయ్ విశ్వవిద్యాలయానికి అనుబంధంగా ఉన్న బడికి మారాడు. ఆ విశ్వవిద్యాలయాన్ని స్థాపించిన షిగెయోషి మత్సుమాయె కూడా కుమామోతోవాడే. ఆయన 1979 నుంచి 1987 వరకు అంతర్జాతీయ జూడో సమాఖ్య అధ్యక్షుడిగా పనిచేశాడు. అయితే యమషిత జీవితాన్ని మలుపు తిప్పినవాడు అక్కడి గురువు నొబుయుకి సతో. 1967లోనూ 1973లోనూ ప్రపంచ విజేతగా నిలిచిన సతో నేల మీది ఆటలో ఆరితేరినవాడు. అప్పటికే నిలబడి ఆడటంలో ఎవరికీ లొంగని ఒక కుర్రవాడిని, నిలబడి గెలిచే అవసరం లేనంతగా నేల మీద కూడా తయారుచేయడం సతో చేసిన పని. నా దృష్టిలో యమషిత కథ అంతా ఈ ఒక్క పనిలో ఇమిడి ఉంది.

ఈ మాటను కొంచెం వివరించాలి. జూడో అనగానే మనవాళ్లకు ఒక మనిషిని భుజం మీదుగా గాలిలోకి లేపి పడేయడం గుర్తుకు వస్తుంది. అది సగమే. నిలబడి ఆడే భాగాన్ని తాచివాజా అంటారు, నేల మీద ఆడే భాగాన్ని నేవాజా అంటారు. పడేసినప్పుడు పూర్తి మార్కు, అంటే ఇప్పాన్, రాకపోతే ఆట నేల మీదికి దిగుతుంది. అక్కడ ప్రత్యర్థిని వీపు మీద అదిమిపెట్టి నిర్ణీత సమయం లేవనీయకుండా ఉంచినా, మెడకు ఉరి బిగించినా, మోచేతి కీలు విరిచేలా పట్టినా గెలుపే. పాతబస్తీ తాలీంఖానాల్లో కుస్తీ చూసినవాళ్లకు ఒక తేడా వెంటనే తడుతుంది. కుస్తీలో ప్రత్యర్థి వీపు మట్టికి ఆనితే చిత్, పోటీ అక్కడితో ముగుస్తుంది. జూడోలో వీపు ఆనిన తరువాత అసలు పని మొదలవుతుంది, ఎందుకంటే అతన్ని అలాగే ఉంచాలి. ఇప్పుడు 20 సెకన్లు ఉంచితే చాలు. ఆ రోజుల్లో 30 సెకన్లు ఉంచాలి. లేవాలని గింజుకుంటున్న నూట యాభై కిలోల మనిషి మీద 30 సెకన్లు ఎంత పొడుగో చేసినవాళ్లకే తెలుస్తుంది.

మేం నేర్చుకున్న హాలు లాల్ బహదూర్ స్టేడియానికి నడిచి వెళ్లగలిగేంత దూరంలో ఉండేది. కొబ్బరిపీచు కుక్కిన మ్యాట్లను వరుసగా పేర్చి, వాటి మీద టార్పాలిన్ బిగించి కట్టేవాళ్లు. ఏప్రిల్ వచ్చిందంటే ఆ టార్పాలిన్ కాలిన పెనంలా ఉండేది. దాని మీద మోచేతులు గీసుకుపోయేవి, ప్రత్యర్థి ఛాతీ కింద ముఖం ఇరుక్కుని, చెమటతో తడిసిన ముతక బట్ట ముక్కుకు అడ్డం పడి ఊపిరి ఆడేది కాదు. అందుకే మాలో ఎవరికీ నేవాజా ఇష్టం ఉండేది కాదు, అందరికీ ఎత్తి పడేయాలనే ఉండేది. సార్ మాత్రం ప్రతి క్లాసులోనూ సగం సమయం మమ్మల్ని నేల మీదే ఉంచేవారు. మేం సణుక్కుంటే ఆయన అనేది ఒకటే మాట. “నిలబడి ఆడేటోనికి కాళ్లు గావాలె. కాళ్లు పోయిననాడు ఏం జేస్తవ్?” ఆ మాటను ఆయన ఎక్కడినుంచి తెచ్చుకున్నారో ఆ క్యాసెట్ చూసిన రోజున మాకు అర్థమైంది.

జపాన్‌లో ప్రతి ఏటా ఏప్రిల్ 29న తోక్యోలోని నిప్పాన్ బుదోకాన్‌లో అఖిల జపాన్ జూడో పోటీలు జరిగేవి. వాటిలో బరువు తరగతులు ఉండవు. అరవై కిలోలవాడైనా నూట ముప్పై కిలోలవాడైనా ఒకే బరిలో దిగాలి, అందుకే జపనీయులు ఒలింపిక్ పతకంతో సమానంగా ఆ బిరుదును లెక్కపెడతారు. 1977లో 19 ఏళ్ల వయసులో యమషిత దాన్ని గెలిచి, ఆ పోటీల చరిత్రలోనే అతి చిన్న వయసు విజేత అయ్యాడు. అక్కడినుంచి 1985 వరకు వరుసగా తొమ్మిదేళ్లు ఆ బిరుదు మరొకరి చేతికి పోలేదు. 1979లో ప్యారిస్‌లో 95 కిలోలకు పైబడిన తరగతిలో ప్రపంచ విజేత అయ్యాడు. 1981లో నెదర్లాండ్స్‌లోని మాస్ట్రిక్ట్‌లో అదే తరగతితో పాటు బరువు పరిమితి లేని ఓపెన్ తరగతిని కూడా గెలిచాడు, 1983లో మాస్కోలో మళ్లీ గెలిచాడు.

ఇక 1980 గురించి చెప్పాలి. 1979 డిసెంబరులో సోవియట్ సేనలు అఫ్గానిస్తాన్‌లోకి దిగిన తరువాత, మాస్కో ఒలింపిక్స్‌కు వెళ్లవద్దని అమెరికా అధ్యక్షుడు కార్టర్ మిత్రదేశాల మీద ఒత్తిడి పెట్టాడు. జపాన్ క్రీడాకారులు ఏప్రిల్‌లో ఒకచోట సమావేశమై, తమను పంపమని వేడుకున్నారు. 1976 కుస్తీ స్వర్ణ విజేత యూజీ తకద ఏడుస్తూ మాట్లాడాడు. 22 ఏళ్ల యమషిత కూడా కన్నీళ్లు ఆపుకోలేకపోయాడు, దేశమంతా టీవీలో చూసింది. మే నెలాఖరులో వెళ్లకూడదనే నిర్ణయం ఖాయమైంది. మనదేశం ఆ ఒలింపిక్స్‌కు వెళ్లింది, హాకీలో స్వర్ణం తెచ్చుకుంది. మన ఇళ్లలో మాస్కో పేరు చెబితే ఇప్పటికీ పెద్దవాళ్లకు ఆ హాకీ గెలుపే గుర్తుకు వస్తుంది. అదే మాస్కో పేరు జపాన్‌లో ఒక తరం ఆటగాళ్లకు ఎలా వినిపిస్తుందో నేను చాలా ఏళ్ల తరువాత గాని ఆలోచించలేదు.

ఆ మే నెలలోనే ఇంకో దెబ్బ తగిలింది. అఖిల జపాన్ బరువు తరగతుల పోటీల్లో ప్రపంచ విజేత సుమియో ఎందోతో ఆడుతుండగా, ఎందో కానిబసామి అనే పట్టు వేశాడు. కాని అంటే ఎండ్రకాయ, హసామి అంటే కత్తెర; పక్కనుంచి ఎగిరి, రెండు కాళ్లనూ కత్తెరలా తెరిచి ప్రత్యర్థి కాళ్లను ముందూ వెనకా బిగించి వెనక్కి పడేసే పట్టు అది. యమషిత పిక్క పక్కన ఉండే సన్నని ఎముక విరిగింది. ఆ పట్టును తరువాత పోటీల్లో నిషేధించారు. ఆ పోటీని డ్రాగా రాసుకున్నారు. 1977 అక్టోబరు నుంచి 1985 ఏప్రిల్ వరకు ఓటమి ఎరుగకుండా సాధించిన 203 గెలుపుల పరంపర అని పుస్తకాలు చెప్పే లెక్కలో మధ్యమధ్య ఏడు డ్రాలు ఉన్నాయి, ఎముక విరిగిన ఈ పోటీ వాటిలో ఒకటి. అందుకే ఎవరైనా ఆ 203 అంకెను గొప్పగా చెప్పినప్పుడు నాకు ముందుగా ఆ సంఖ్యలోకి రాని ఈ పోటీయే తలపుకు వస్తుంది.

అంటే ఒకే నెలలో ఒలింపిక్స్ పోయింది, కాలు కూడా పోయింది. అతను మళ్లీ మ్యాట్ మీదికి వచ్చి, తనను వెళ్లనీయని మాస్కోలోనే మూడేళ్ల తరువాత ప్రపంచ బిరుదు గెలిచాడు. దాని గురించి ఎక్కువగా రాసినవాళ్లు నాకు కనబడలేదు గాని, ఆ ఊరి పేరు అతనికి ఆ రోజున ఏమనిపించిందో తెలుసుకోవాలని నాకు ఎప్పటినుంచో ఉంది.

1984 ఆగస్టు 11, లాస్ ఏంజెలెస్. అదే ఒలింపిక్స్‌లో మూడు రోజుల ముందు మన పి.టి. ఉష 400 మీటర్ల హర్డిల్స్‌లో సెకనులో నూరో వంతు తేడాతో కాంస్యం పోగొట్టుకుంది. మన దేశానికి ఆ ఒలింపిక్స్ అంటే ఆ నూరో వంతే. యమషితకు అప్పటికి 27 ఏళ్లు, ఓపెన్ తరగతిలో దిగాడు. జపాన్‌కు ఆ తరగతితో పాత బాకీ ఒకటి ఉంది. 1964లో తోక్యోలో జూడో మొదటిసారి ఒలింపిక్స్‌లోకి వచ్చినప్పుడు, తక్కిన మూడు తరగతులూ జపాన్ గెలిచినా, ఓపెన్ ఫైనల్లో నెదర్లాండ్స్‌కు చెందిన ఆంటన్ హేసింక్ జపాన్‌వాడైన అకియో కమినాగను నేల మీద అదిమిపెట్టి ఓడించాడు. సొంత గడ్డ మీద, బుదోకాన్‌లో, అదీ నేవాజాలో. 1972లో మరో డచ్‌వాడు విల్లెం రుస్కా గెలిచాడు. 1976లో హరుకి ఉయెముర దాన్ని మళ్లీ జపాన్‌కు తెచ్చాడు. 1984 తరువాత ఒలింపిక్స్‌లో ఓపెన్ తరగతిని తీసివేశారు గనుక, ఆ బంగారు పతకం అందుకున్న చివరి మనిషి యమషిత.

మొదటి పోటీలో సెనెగల్ ఆటగాడిని త్వరగానే ముగించాడు. రెండో పోటీ పశ్చిమ జర్మనీకి చెందిన ఆర్థర్ ష్నాబెల్‌తో. యమషిత ఎడమచేతివాటం ఆటగాడు. ఎడమ కాలిని ప్రత్యర్థి కాళ్ల మధ్యకు విసిరి ఎత్తే ఉచి మాత అనే పట్టు వేసేటప్పుడు శరీరం బరువంతా కుడికాలి మీదే తిరుగుతుంది. అలా తిరిగిన క్షణంలో కుడి పిక్క కండరం తెగింది. ఆ పోటీని అతను నేల మీదికి దింపి, వెనకనుంచి కాలరు పట్టుకుని ఉరి బిగించి గెలిచాడు గాని, మ్యాట్ దిగి నడుస్తుంటే కుంటడం అందరికీ కనబడింది. దాచిపెడదామన్నా దాగే గాయం కాదు అది.

మా క్యాసెట్ ఇక్కడినుంచి మొదలవుతుంది. సెమీఫైనల్లో ఫ్రాన్స్‌కు చెందిన లారాన్ దెల్ కొలోంబో, ఆట మొదలైన అర నిమిషంలోనే, ప్రత్యర్థి కాలిని వెనకనుంచి కాలితో ఊడ్చి పడేసే ఒసోతో గారి అనే పట్టుతో యమషితను వెనక్కి పడేశాడు. ఏడేళ్లుగా ఎవరికీ లొంగని మనిషి వెనక్కి కూలబడటాన్ని మొదటిసారి చూసినప్పుడు మా ఏడుగురిలో ఎవరూ మాట్లాడలేదు. రెఫరీ దానికి కోకా ఇచ్చాడు, ఆ రోజుల్లో ఉన్న అతి చిన్న మార్కు. అక్కడినుంచి యమషిత ఆడిన తీరును ఈసారి నేను చాలాసార్లు వెనక్కి తిప్పి చూశాను. లేచి నిలబడగానే అతను తన కుడికాలిని చూసుకోడు. ముందుకు జరుగుతాడు. కుంటుకుంటూనే ప్రత్యర్థిని అంచు దాకా నెట్టి, తనను పడేసిన ఆ ఒసోతో గారితోనే అతన్ని వెనక్కి విరిచి, పడిన మరుక్షణం అతని పక్కకు దిగి అదిమిపెట్టాడు. అక్కడితో పోటీ ముగిసింది.

ఫైనల్ ఈజిప్టుకు చెందిన మొహమ్మద్ అలీ రష్వాన్‌తో. రష్వాన్ పెద్ద శరీరం కలవాడు, అంతకుముందు పోటీలన్నీ చకచకా గెలిచి వచ్చినవాడు. ఆటలో మొదట దాడికి దిగినవాడు అతనే. ఆ దాడిలో అతను తూలిన క్షణాన్ని యమషిత వదలలేదు. గుద్దుకున్నట్టుగా ఇద్దరూ నేల మీదికి వచ్చారు. యమషిత అతని పక్కనుంచి ఛాతీ మీదికి పాకి, ఒక చేతిని మెడ కిందుగా, రెండో చేతిని తొడల మధ్యగా పోనిచ్చి బట్ట బిగించి పట్టుకున్నాడు. ఈ పట్టు పేరు యోకో షిహో గాతమే. 1 నిమిషం 5 సెకన్లకు పోటీ అయిపోయింది.

ఆ పట్టును మొదటిసారి చూసినవాళ్లకు అక్కడ ఏమీ జరగడం లేదనిపిస్తుంది, ఒకరి మీద ఒకరు అడ్డంగా పడుకున్నారంతే. టీవీకి మొహం ఆనించి చూస్తున్న నాతో సార్ అప్పుడు, “మొహం ఏం జూస్తున్నవ్ రా, నడుము జూడు” అన్నారు. నిజమే, అంతా నడుములో ఉంది. కింద ఉన్నవాడు వంతెనలా లేవబోతే పైనున్నవాడి తుంటి కిందికి జారుతుంది. అటు తిరగబోతే కాళ్లు వెడల్పు అవుతాయి. ఇటు గుంజితే ఛాతీ బరువు ఆ పక్కకు మారుతుంది. ప్రతి కదలికకూ ఒక చిన్న జవాబు. అందులో ఎక్కడా పిక్క మీద నిలబడవలసిన పని లేదు. తెగిన కండరంతో తాను ఇంకా చేయగలిగినది ఏమిటో అతనికి తెలుసు. కుర్రతనంలో సతో దగ్గర ముఖం మ్యాట్‌కు రాసుకుంటూ నేర్చుకున్నది అక్కరకు వచ్చిన రోజు అది. గెలిచాడని ప్రకటించగానే అతను మ్యాట్ మీద కూర్చుని, చంటిపిల్లవాడిలా ఏడ్చాడు.

తరువాత బహుమతి వేదిక ఎక్కబోతుంటే రష్వాన్ చేయి అందించి ఎక్కించాడు. దెబ్బ తగిలిన కాలి మీదికి పోకుండా ఆడాడన్న పేరుతో రష్వాన్‌కు అంతర్జాతీయ ఫెయిర్‌ప్లే పురస్కారం వచ్చింది, 2019లో జపాన్ ప్రభుత్వం ఉదయభాను పతకంతో గౌరవించింది. వాళ్లిద్దరి స్నేహం దశాబ్దాల పాటు నిలిచింది. 1984 అక్టోబరులో జపాన్ ప్రభుత్వం యమషితకు జాతీయ గౌరవ పురస్కారం ఇచ్చింది.

ఇక్కడ హితోషి సయితో గురించి చెప్పకుండా ముందుకు వెళ్లడం అన్యాయం. అదే లాస్ ఏంజెలెస్‌లో 95 కిలోలకు పైబడిన తరగతిలో ఫ్రాన్స్ ఆటగాడు పారిసిని ఓడించి సయితో స్వర్ణం గెలిచాడు, 1988లో సోల్‌లో జపాన్‌కు జూడోలో వచ్చిన ఒకే ఒక్క స్వర్ణం కూడా అతనిదే. అంతటివాడు యమషితను ఒక్కసారీ ఓడించలేకపోయాడు. 1983, 1984, 1985 అఖిల జపాన్ ఫైనళ్లు మూడూ ఈ ఇద్దరి మధ్యే జరిగాయి, మూడూ యమషితవే. ఎవరెస్టు ఎక్కగలిగాను గాని ఫూజీ కొండ ఎక్కలేకపోయానని సయితో చెప్పుకున్నాడు. 1985 ఫైనల్ తరువాత, 203 గెలుపుల దగ్గర, 28 ఏళ్లకే యమషిత ఆట విరమించాడు. మొత్తం 528 గెలుపులు, 16 ఓటములు, 15 డ్రాలు. సయితో 2015లో 54 ఏళ్లకే కన్నుమూశాడు. అతని కొడుకు తత్సురు 2022లో అదే బుదోకాన్‌లో అఖిల జపాన్ బిరుదు గెలిచినప్పుడు నాకు తండ్రి ఆడిన మూడు ఫైనళ్లూ గుర్తుకు వచ్చాయి.

ఆట మానిన తరువాతి యమషిత గురించి మనవాళ్లకు తెలిసింది తక్కువ, నాకు మాత్రం ఆ భాగం మీద గౌరవం తక్కువేమీ కాదు. 1992 నుంచి 2000 వరకు జపాన్ పురుషుల జట్టుకు ముఖ్య శిక్షకుడిగా ఉన్నాడు. 2000 సిడ్నీలో అతని శిష్యుడు కోసెయ్ ఇనోయె స్వర్ణం గెలిచిన మరునాడే, భారీ బరువు ఫైనల్లో షినిచి షినొహరకు అన్యాయం జరిగింది. ఫ్రాన్స్‌కు చెందిన దూయె వేసిన ఉచి మాతను షినొహర తప్పించి, అతన్నే తిప్పి పడేశాడు. ఒక న్యాయనిర్ణేత షినొహరకు ఇప్పాన్ చూపించాడు, రెఫరీ మాత్రం దూయెకే మార్కు ఇచ్చాడు. యమషిత మ్యాట్ పక్కకు వచ్చి అభ్యంతరం చెప్పాడు గాని, నిర్ణేతలు మ్యాట్ దిగిన తరువాత తీర్పు మారదనే నియమం అడ్డు వచ్చింది. నేను బలహీనుడిని కాబట్టి ఓడిపోయానని షినొహర అన్నాడు. వీడియో పరిశీలన ఆ తరువాతి కాలంలో వచ్చింది. ఆ పోటీ చూసిన రాత్రి నాకు నిద్ర పట్టలేదు.

ఆటలో అతను చేసినదానికి దీటుగా నేను చెప్పుకునేవి ఇంకో రెండు ఉన్నాయి. 2013లో జపాన్ మహిళా జట్టు క్రీడాకారిణులు తమ శిక్షకుడు కొట్టడాన్నీ తిట్టడాన్నీ బయటపెట్టినప్పుడు అక్కడి జూడో సమాఖ్య తలదించుకోవలసి వచ్చింది. సమాఖ్య ఉపాధ్యక్షుడిగా వచ్చిన యమషిత, శిక్షణ పేరుతో జరిగే హింసను తొలగించే పనికి నాయకత్వం వహించాడు. 2017లో అధ్యక్షుడయ్యాడు. 2022లో ఆ సమాఖ్య, ప్రాథమిక పాఠశాల పిల్లల జాతీయ వ్యక్తిగత పోటీలను రద్దు చేసింది. గెలుపు కోసం పిల్లల చేత బలవంతంగా బరువు తగ్గించడం, గ్యాలరీలోంచి తల్లిదండ్రులు రెఫరీని తిట్టడం దాకా పరిస్థితి వచ్చిందని కారణం చెప్పారు. జూడో పుట్టిన దేశం, ఆ పిల్లల పోటీలను తనంతట తానే ఆపేసింది.

ఈ వార్త చదివినప్పుడు నాకు మన హాళ్లే కళ్లముందు మెదిలాయి. ఉప్పల్ నుంచో కూకట్‌పల్లి నుంచో రెండు బస్సులు మారి పిల్లలను తెచ్చే తల్లిదండ్రులను నేను రోజూ చూస్తున్నాను. వాళ్ల ఆరాటం నాకు తెలుసు, ఎందుకంటే అది నాలోనూ ఉంది. పోయిన సంవత్సరం ఒక పోటీకి వారం ముందు, ఒక కిలో తగ్గితే కింది తరగతిలో ఆడవచ్చని ఎవరో అంటే, మా అమ్మాయికి రెండు రోజులు రాత్రి అన్నం తగ్గించి పెట్టాను. మూడో రోజు ప్రాక్టీసులో దానికి కళ్లు తిరిగాయి. సార్‌కు ఫోన్ చేసి చెబితే ఆయన చాలాసేపు ఏమీ అనలేదు, తరువాత, “పిల్లకు కడుపునిండ పెట్టు నాయనా, పై తరగతిల ఆడనీ” అన్నారు. అది పై తరగతిలో ఆడింది, మొదటి పోటీలోనే ఓడింది, ఇంటికి వచ్చేదారిలో ఇడ్లీ తిన్నది.

యమషిత 2019లో జపాన్ ఒలింపిక్ కమిటీ అధ్యక్షుడూ, 2020లో అంతర్జాతీయ ఒలింపిక్ కమిటీ సభ్యుడూ అయ్యాడు. జూడోను స్థాపించిన జిగోరో కానో కూడా 1909లో ఆ కమిటీలోకి వెళ్లిన మొదటి ఆసియావాడు. కానో చెప్పిన జితా క్యోయెయ్, అంటే నువ్వూ నేనూ కలిసి బాగుపడాలన్న మాటను పట్టుకుని, యమషిత ఒక స్వచ్ఛంద సంస్థ ద్వారా వాడిన జూడో డ్రెస్సులను సేకరించి పేద దేశాలకు పంపాడు, ఇజ్రాయెల్, పాలస్తీనా పిల్లలను ఒకే మ్యాట్ మీదికి తెచ్చే ప్రయత్నం చేశాడు. 2023 అక్టోబరులో హకోనెలో వేడినీటి బుగ్గల దగ్గర పడిపోయి మెడ వెన్నుకు దెబ్బ తగిలింది. మెడ కింది భాగం స్వాధీనంలో లేకుండా పోయింది. 2025లో జపాన్ ఒలింపిక్ కమిటీ అధ్యక్ష పదవినుంచి తప్పుకున్నాడు. పడటం ఎలాగో మొదటి పాఠంగా నేర్పే విద్యలో జీవితమంతా గడిపిన మనిషి, పడి ఇలా కావడాన్ని చదివినప్పుడు నా నోట మాట రాలేదు. సార్ కూడా ఆ విషయం గురించి మాట్లాడటానికి ఇష్టపడరు. క్యాసెట్ నా చేతికి ఇచ్చిన రోజున మాత్రం, “జర బూజు దులిపి పెట్టు, పాడైతది” అన్నారు.

మా అమ్మాయి ఆ పదిహేడు నిమిషాలను రెండుసార్లు చూసింది. రెండోసారి ఫైనల్ దగ్గర ఆపి, రష్వాన్ మెడ కిందికి వెళ్లిన చేయి బట్టను పట్టుకుందా, వేళ్లు ఒకదానిలో ఒకటి పెనవేసుకున్నాయా అని అడిగింది. వెలిసిపోయిన బొమ్మలో అది సరిగా కనబడలేదు. అప్పుడు హాల్లో సోఫా పక్కకు జరిపి, దుప్పటి నాలుగు మడతలు వేసి పరిచి, నన్ను వెల్లకిలా పడుకోమంది. పక్కనుంచి నా మీదికి వచ్చి, ఒక చేయి మెడ కిందుగా పోనిచ్చి చొక్కా కాలరు పట్టుకుని, చెంప నా ఛాతీకి ఆనించి, “లే నాన్నా ఇప్పుడు” అంది. నేను కుడివైపు తిరగబోయాను, దాని తుంటి కిందికి దిగింది. ఎడమకు తిరగబోయాను, కాళ్లు వెడల్పయ్యాయి. వంటింట్లోంచి మా ఆవిడ వచ్చి గోడ గడియారం చూస్తూ లెక్కపెట్టడం మొదలుపెట్టింది. ఇరవై దాకా వచ్చి ఆపబోతే, అది తల ఎత్తకుండానే, “ఆపకమ్మా, ముప్పై దాకా లెక్కపెట్టు” అంది.